ముందుకు జరుగుతున్న కార్తెలు

ఏటా జూన్ 7 సాయంత్రానికే హైదరాబాద్ చేపల మార్కెట్లు కిక్కిరిసిపోతాయి. మృగశిర కార్తె వచ్చేసింది మరి. కార్తె ప్రవేశించిన రోజు చేపల కూర తినాలన్నది తెలంగాణలో గట్టి ఆనవాయితీ. కోస్తాలోనూ ఆ పట్టింపు ఉన్న ఇళ్లు తక్కువేం కావు. కొర్రమీను పిల్ల నోట్లో మందు పెట్టి ఉబ్బసం రోగులతో మింగించేదీ ఆ రోజుల్లోనే. ఆ మందు పనిచేస్తుందనడానికి వైద్యశాస్త్రం ఒప్పుకునే రుజువు లేదు, జనం రావడమూ మానలేదు. కొల్లేటి చుట్టూ తవ్విన చెరువుల్లో పెరిగిన బొచ్చెకూ శీలావతికీ ఆ పూట మంచి గిరాకీ.

ఈ హడావుడిలో ఎవరికీ పట్టని సంగతి ఒకటుంది. ఉగాది 2024లో ఏప్రిల్ 9న వచ్చింది, 2025లో మార్చి 30న, 2026లో మార్చి 19న. వినాయక చవితి, దసరా, దీపావళి అన్నీ ఇలాగే ముందుకీ వెనక్కీ ఊగుతుంటాయి. మృగశిర మాత్రం తాతల నాడూ జూన్ 7, 8 తేదీలకు అటూ ఇటూగానే ఉండేది, ఇప్పుడూ అంతే. ఒకే పంచాంగంలో పక్కపక్కన అచ్చయ్యే రెండు లెక్కలకు ఇంత తేడా ఎందుకు?

ఎందుకంటే పంచాంగంలో ఉన్నది ఒక లెక్క కాదు. తిథులు, మాసాలు చంద్రుడివి. సంక్రాంతులు, కార్తెలు సూర్యుడివి. పుష్కరాలు గురుడివి. ఈ ముగ్గురి నడకలూ ఒకదానితో ఒకటి సరిగ్గా భాగహారం పోవు. వేల ఏళ్లుగా మన జ్యోతిర్గణితం చేసిన పనిలో ముప్పాతిక మూడొంతులు ఈ పొసగని అంకెలను పొసగించడమే.

అమావాస్య నుంచి అమావాస్యకు సగటున 29.53 రోజులు. పన్నెండు నెలలకు 354 రోజులు. సూర్యుడి ఏడాదితో పోలిస్తే దాదాపు 11 రోజులు తక్కువ. ఆ లోటు పూడ్చడానికే రెండున్నర, మూడేళ్లకోసారి అధిక మాసం వస్తుంది. 2023లో శ్రావణం రెండుసార్లు వచ్చింది, 2026లో జ్యేష్ఠం. పూజలకూ వ్రతాలకూ ఈ ఏర్పాటు బాగానే సరిపోయింది. సేద్యానికి సరిపోదు. ఆషాఢాన్నే చూడండి. 2025లో అది జూన్ 26న మొదలైంది. 2026లో అధిక జ్యేష్ఠం అడ్డు రావడంతో జూలై 15కు జరిగింది. ఆషాఢం పుట్టాక ఆకుమడి పోద్దాం అని కూర్చున్న రైతు ఒక ఏడాది వేళకు పోసి, మరుసటి ఏడాది మూడు వారాలు ఆలస్యమవుతాడు. రుతుపవనాలకు చంద్రుడితో పని లేదు కదా. అందుకే తాడేపల్లిగూడెం మండలంలోనైనా, భీమడోలు పక్కనైనా రైతు నోట మాసం పేరు కంటే కార్తె పేరే ఎక్కువగా వినిపిస్తుంది.

కార్తె లెక్క తేలికైనదే. భూమి సూర్యుడి చుట్టూ తిరుగుతుంటే, మన కంటికి సూర్యుడే నక్షత్రాల మధ్య నుంచి రోజుకు ఇంచుమించు ఒక డిగ్రీ చొప్పున తూర్పుకు జరుగుతున్నట్టు ఉంటుంది. ఆ దారిని 27 భాగాలు చేసి, ఒక్కో భాగానికి అశ్విని, భరణి, కృత్తిక అంటూ నక్షత్రం పేరు పెట్టారు. ఒక్కోటి 13 డిగ్రీల 20 నిమిషాలు. సూర్యుడు ఆ భాగంలో ఉన్నన్నాళ్లూ ఆ కార్తె.

ఇందులో ఒక తమాషా ఉంది. చాలా వరకు ఏ కార్తెలోనూ ఆ కార్తె నక్షత్రం కనిపించదు. ఆరుద్ర కార్తెలో ఆరుద్ర నక్షత్రం కోసం రాత్రంతా మేలుకున్నా లాభం లేదు. అది సూర్యుడితోపాటే ఉదయించి, సూర్యుడితోపాటే అస్తమిస్తుంది, పగటి వెలుగులో మునిగి ఉంటుంది. మరి పూర్వం వాళ్లు ఎలా పసిగట్టారు? ఎదురు దిక్కున చూసి. పున్నమి నాడు చంద్రుడు సూర్యుడికి సరిగ్గా ఎదురుగా ఉంటాడు. కార్తిక పున్నమికి చంద్రుడు కృత్తికల దగ్గర ఉన్నాడంటే, సూర్యుడు ఆకాశానికి అవతలి వైపున విశాఖలో ఉన్నట్టు. నవంబరు 6 నుంచి 19 దాకా విశాఖ కార్తె కావడం అందుకే. కనిపించేదాన్ని బట్టి కనిపించనిదాన్ని లెక్కగట్టిన తెలివి అది.

కార్తెలన్నీ ఒకే పొడవు ఉండవని గమనించినవాళ్లు తక్కువ. మృగశిర, ఆరుద్ర, పునర్వసు పద్నాలుగేసి రోజులు నడుస్తాయి. సంక్రాంతి ముందూ వెనకా వచ్చే పూర్వాషాఢ, ఉత్తరాషాఢ పదమూడు రోజులకే ముగుస్తాయి. భూమి కక్ష్య నిండు వలయం కాదు. జనవరి మొదటి వారంలో భూమి సూర్యుడికి దగ్గరగా వచ్చి వేగంగా సాగుతుంది, జూలై మొదటి వారంలో దూరంగా వెళ్లి నెమ్మదిస్తుంది. అధిక మాసాలు చైత్రం నుంచి ఆశ్వయుజం లోపే ఎక్కువగా రావడానికీ, పుష్యం అధికమైందని దాదాపు ఎప్పుడూ వినకపోవడానికీ ఇదే కారణం. సూర్యుడు నింపాదిగా నడిచే నెలల్లోనే, ఒక్క సంక్రమణమూ లేకుండా ఒక చాంద్రమాసం జారిపోయే వీలుంటుంది.

ఇక ఈ కార్తెలు నేల మీద ఎలా ఉంటాయో చూద్దాం.

రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయంటారు. మే 25 నుంచి జూన్ 7 దాకా ఏలూరు వీధుల్లో మధ్యాహ్నం తిరిగినవాళ్లకు ఆ మాట వివరించనక్కర్లేదు. అయితే సూర్యుడు ఏలూరు నడినెత్తిన ఉండేది రోహిణిలో కాదు. ఏలూరు భూమధ్యరేఖకు 16.7 డిగ్రీలు ఉత్తరాన ఉంది. సూర్యుడు ఇక్కడ నిట్టనిలువుగా వెలిగేది ఏడాదికి రెండుసార్లు: మే 7 ప్రాంతంలో భరణి కార్తెలో, తిరిగి ఆగస్టు 6 ప్రాంతంలో ఆశ్లేష కార్తెలో. మబ్బు లేకపోతే ఆ రోజు మధ్యాహ్నం పన్నెండు దాటిన కాసేపటికి ఒక నీళ్ల సీసాను చదునైన గచ్చు మీద నిలబెట్టి చూడవచ్చు. నీడ అంతకంతకూ కుదించుకుపోయి, ఒకటి రెండు నిమిషాలు పూర్తిగా సీసా కిందికి వెళ్లిపోతుంది. తర్వాత తూర్పు వైపున సన్నగా బయటకొస్తుంది.

నడినెత్తిన సూర్యుడు మే మొదటి వారంలోనే వస్తే వేడి మూడు వారాల తర్వాత ముదరడమేమిటి? నేల వెంటనే వేడెక్కదు, పగలు ఇంకా పెరుగుతూనే ఉంటుంది, పడమటి నుంచి దక్కను మీదుగా వచ్చే పొడి గాలి వడగాలిగా మారుతుంది. ఆగస్టులో సూర్యుడు మళ్లీ నడినెత్తికి వచ్చేసరికి మబ్బులు కమ్మి ఉంటాయి, రెండోసారి వచ్చినట్టు ఎవరికీ తెలియదు.

రుతుపవనాలు కేరళ తీరాన్ని తాకడానికి వాతావరణ శాఖ మామూలు తేదీగా పెట్టుకున్నది జూన్ 1. కోస్తాంధ్రకు చేరడానికి మరికొన్ని రోజులు. అంటే మృగశిర వేళకు. మృగశిర కురిస్తే ముసలి ఎద్దు కూడా రంకె వేస్తుందన్న మాట ఈ జోడింపు నుంచే పుట్టింది. తొలి వరదకు కొల్లేటి చేపలు వాగులకు ఎదురెక్కుతాయి. గొరకలైతే తడి గట్ల మీద మొప్పల ముళ్లు ఆనించి నేల మీదే పాకుతాయి. ఎర్రటి మఖమలు గుండీల్లాంటి ఆరుద్ర పురుగులు మెట్ట నేలల్లో ఒక మంచి వాన పడ్డ మర్నాడు మట్టిలోంచి ఎక్కడివక్కడే పైకొస్తాయి. ఎనిమిది కాళ్లుంటాయి కాబట్టి అవి పురుగుల కంటే సాలీళ్లకే దగ్గరి చుట్టాలు. వాటికి నక్షత్రం సంగతి తెలియదు, మట్టి తడిసిందా లేదా అన్నదొక్కటే లెక్క. వాన ముందే పడితే మృగశిరలోనే వచ్చేస్తాయి, ఆలస్యమైతే పునర్వసు దాకా కానరావు.

తర్వాత కార్తెలు చకచకా సాగిపోతాయి. ఆరుద్రకు ఆకుమళ్లు పచ్చబడతాయి, పునర్వసు, పుష్యమిల్లో ఊడ్పులు. సెప్టెంబరు మధ్యలో ఉత్తర కార్తె. ఉత్తర చూసి ఎత్తర గంప అనే హెచ్చరిక ఈ కార్తె గురించే. అప్పటికీ వాన లేకపోతే గంప నెత్తిన పెట్టుకుని ఊరు వదలడమే. హస్త, చిత్త దాటాక భయం ఇంకొకటి, బంగాళాఖాతం. దివిసీమను ముంచిన ఉప్పెన 1977 నవంబరు 19న, కోనసీమను కొట్టిన తుపాను 1996 నవంబరు 6న. ఈ రెండూ విశాఖ కార్తె రెండు కొసల దగ్గరా పడ్డాయి. కోతకొచ్చిన సార్వా వరి చేలో ఉండగా వచ్చే గండం కాబట్టి డెల్టా రైతు ఆ పక్షం రోజులూ రేడియోకు చెవి అప్పగించి కూర్చునేవాడు, ఇప్పుడు ఫోనుకు కళ్లు అప్పగిస్తున్నాడు.

నిజానికి కొల్లేటి సీమకు కార్తెల మీద ఆధారం మిగతా చోట్ల కంటే తక్కువ. 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయ్యాక గోదావరి నీళ్లు కాలువలెక్కాయి. గోదావరి కాలువ అటు నుంచి, కృష్ణా కాలువ ఇటు నుంచి వచ్చి ఏలూరులో కలుసుకుంటాయి. అప్పటి నుంచి ఆకుమడి పోసే రోజును తేల్చేది కాలువలకు నీళ్లు వదిలే తేదీ. డిసెంబరులో ఊడ్చి ఏప్రిల్‌లో మాసూళ్లు చేసే దాళ్వా పంట అయితే పూర్తిగా కాలువ పుణ్యమే, ఏ వాన కార్తెకూ అది రుణపడి లేదు. వాన కార్తెలు ఈ సీమలో ఇప్పటికీ గట్టిగా పట్టు నిలుపుకున్నది మెట్ట మండలాల్లోనూ, వరద వచ్చినప్పుడూ. తాడేపల్లిగూడెం దగ్గర నందమూరు అక్విడక్టు పక్కన ఎర్రకాలువ పొంగినా, ఏలూరు మీదికి తమ్మిలేరు వచ్చినా, 2024 సెప్టెంబరులోలా బుడమేరు విజయవాడను ముంచి కొల్లేటిలోకి దిగినా, పుబ్బ, ఉత్తర కార్తెల పేర్లు మళ్లీ అందరి నోళ్లలోనూ నానుతాయి.

చంద్రుడి చేయి తగిలే చోటు కూడా ఒకటుంది, ఉప్పుటేరు. కొల్లేటి నీళ్లు సముద్రంలోకి పోయే దారి ఇదొక్కటే. మహా మెలికల దారి, వాలు నామమాత్రం. అందుకే సముద్రపు పోటు ఏటిలోకి ఎదురెక్కుతుంది. అమావాస్యకూ పున్నమికీ సూర్యచంద్రులు ఒకే గీత మీదికి వచ్చి కలిసి లాగుతారు కాబట్టి అప్పుడు పోటు పెద్దది, అష్టమి ప్రాంతంలో చిన్నది. రోజుకు రెండు పోట్లు, రెండు పాట్లు, మర్నాటికి యాభై నిమిషాలు ఆలస్యం. ఎండాకాలంలో కొల్లేటి మట్టం పడిపోయినప్పుడు పోటు నీళ్లు పైకి తోసుకొచ్చి ఉప్పదనాన్ని సరస్సు దాకా తెస్తాయి. వరద రోజుల్లో సరిగ్గా అమావాస్య వచ్చిందంటే నీళ్లు బయటకు పోవు, లంక గ్రామాల రోడ్లు మరో రెండు రోజులు మునిగే ఉంటాయి. ఆ ఊళ్లలో తిథి తెలియడం భక్తికే కాదు, ప్రయాణానికీ అవసరం.

మూడో లెక్క గురుడిది. సూర్యుడి చుట్టూ తిరిగి రావడానికి గురుడికి 11.86 ఏళ్లు పడుతుంది. ఇంచుమించు ఏడాదికో రాశి. సింహరాశిలో అడుగు పెడితే గోదావరికి పుష్కరాలు, కన్యలోకి వెళితే కృష్ణకు. 1991, 2003, 2015 తర్వాత గోదావరికి 2027లో వస్తున్నాయి. కొవ్వూరు, పట్టిసం, సిద్ధాంతం, నరసాపురం రేవులకు ఆ పన్నెండు రోజులూ ఊపిరి సలపదు. పన్నెండేళ్లు అంటున్నాం గానీ గ్రహం ప్రతి చుట్టుకూ సగటున యాభై రోజులు ముందే వచ్చేస్తుంది. ఏడు చుట్లకు ఆ మిగులు ఏడాదికి దగ్గరవుతుంది, అప్పుడు పన్నెండు కాస్తా పదకొండు అవుతుంది. హరిద్వార్ కుంభమేళా విషయంలో ఇది కళ్లారా చూశాం. 2010 తర్వాత 2022లో కాకుండా 2021లో జరిగింది. అంతకుముందు 1927కూ 1938కీ మధ్యా ఇలాగే పదకొండేళ్లు.

ప్రభవ, విభవ అంటూ సాగే అరవై సంవత్సరాలూ పుట్టింది గురుడి నుంచే. ఐదుసార్లు గురుడు, రెండుసార్లు శని ఆకాశం చుట్టి వచ్చేసరికి అరవై ఏళ్లు అవుతుంది. గురుడు రాశికి ఏడాది కంటే నాలుగు రోజులు తక్కువే ఉంటాడు కాబట్టి 85 ఏళ్లకోసారి ఒక పేరును వదిలేయాలి. ఉత్తరాదివారు వదిలేస్తూ వచ్చారు. మనం ఆ బెడద ఎందుకని ఒక్క పేరూ విడవకుండా వరసగా చదువుకుంటూ పోతున్నాం. 2025 విశ్వావసు, 2026 పరాభవ. ఆకాశంలో గురుడితో ఈ పేర్లకు సంబంధం తెగిపోయి వెయ్యేళ్లు దాటింది. ఆ తెగదెంపుల వల్ల ఎవరికీ నష్టం లేదు, పేర్లు అందంగానే ఉన్నాయి.

కార్తెల విషయం అలా కాదు. అక్కడ తేడా వస్తే విత్తనం ఎండిపోతుంది. తేడా వస్తూనే ఉంది.

భూమి తన అక్షం మీద గిర్రున తిరుగుతూనే, వేగం తగ్గిన బొంగరంలా తల ఊపుతుంటుంది. ఒక ఊపుకు సుమారు 25,800 ఏళ్లు. దీనివల్ల రుతువులు తిరిగి రావడానికి పట్టే ఏడాదీ, సూర్యుడు అదే నక్షత్రం దగ్గరికి తిరిగి రావడానికి పట్టే ఏడాదీ ఒకటి కాకుండా పోయాయి. మొదటిది 365 రోజుల 5 గంటల 48 నిమిషాల 45 సెకన్లు. రెండోది 365 రోజుల 6 గంటల 9 నిమిషాల 10 సెకన్లు. తేడా 20 నిమిషాల చిల్లర. వాన, ఎండ, పగటి పొడవు మొదటి ఏడాదిని పాటిస్తాయి. కార్తెలు, సంక్రాంతులు రెండోదాన్ని. దాదాపు 71 ఏళ్లకు ఒక రోజు చొప్పున కార్తె రుతువును దాటి ముందుకు జరుగుతుంది.

ఇంగ్లీషు క్యాలెండరు రుతువులను అంటిపెట్టుకుని ఉండేలా కట్టింది కాబట్టి ఈ జరగడం అందులో తేదీల మార్పుగా కనిపిస్తుంది. వివేకానందుడు 1863 జనవరి 12న పుట్టాడు, ఆ రోజు మకర సంక్రాంతి. ఇప్పుడు సంక్రాంతి జనవరి 14, 15 తేదీల్లో వస్తోంది. ఉత్తరాయణ పుణ్యకాలం అని ఆ రోజు స్నానాలు చేస్తాం గానీ సూర్యుడు ఉత్తరానికి మళ్లేది డిసెంబరు 21, 22 తేదీల్లోనే. ఏలూరులో అన్నిటికంటే చిన్న పగలు అప్పుడే, 11 గంటల పైన కొద్ది నిమిషాలు. భీమవరం వైపు కోడిపందాల బరులు సిద్ధమయ్యే నాటికి పగలు పెరగడం మొదలై మూడు వారాలు దాటిపోతుంది. సంక్రాంతీ, సూర్యుడు నిజంగా మళ్లే రోజూ ఒక్కటిగా ఉన్నది మూడో శతాబ్దం చివర. శాలంకాయనులు ఇప్పటి పెదవేగి దగ్గర వేంగిని ఏలడానికి కాస్త ముందు.

మన పూర్వులకు ఇది తెలియదనుకోకూడదు. ఆరో శతాబ్దంలో వరాహమిహిరుడు పాత శాస్త్రాల మాటను పక్కనే పెట్టి పోల్చి చూశాడు. ఒకప్పుడు దక్షిణాయనం ఆశ్లేష సగంలో, ఉత్తరాయణం ధనిష్ఠ మొదట్లో మొదలయ్యేవనీ, తన కాలానికి కర్కాటక, మకరాల మొదటికి వచ్చాయనీ బృహత్సంహితలో నమోదు చేశాడు. తేడా ఉంటే కళ్లతో చూసి పరీక్షించుకోమన్నాడు. పదిహేను వందల ఏళ్ల కిందటి మనిషి అంత శాస్త్రీయంగా మాట్లాడితే, ఆ తర్వాతి పంచాంగకర్తలు మకరాన్నే ఉత్తరాయణంగా పట్టుకుని కూర్చోవడం విచిత్రమే.

ఇప్పుడు ఈ లెక్కను వేంగి నేల మీద పెట్టి చూస్తే ఒక ఆసక్తికరమైన విషయం తేలుతుంది. రాజరాజ నరేంద్రుడి పట్టాభిషేకాన్ని కోరుమెల్లి శాసనం ఆకాశం సాక్షిగానే చెబుతుంది: శకం 944, సింహంలో సూర్యుడు, బహుళ విదియ, ఉత్తరాభాద్ర, గురువారం. ఆ గుర్తులన్నీ ఒకచోట కలిసే రోజును చరిత్రకారులు వెనక్కి లెక్కగట్టి 1022 ఆగస్టు 16 అని తేల్చారు. అది వెయ్యేళ్ల కిందటి మాట. వెయ్యేళ్లకు కార్తె జరిగేది 14 రోజులు. అంటే ఆయన ఏలుబడిలో మృగశిర ప్రవేశించింది ఇప్పుడు మనం మే 25 అని పిలిచే రోజుకు, సరిగ్గా రోహిణి ఎండలు మొదలయ్యే వేళకు. నన్నయ కాలపు రైతుకు మృగశిర అంటే తొలకరి కాదు, ముదిరిన ఎండ. ముసలి ఎద్దు రంకె అప్పటికి ఆరుద్రలో వినిపించి ఉండాలి. రోళ్లు పగిలిందీ రోహిణిలో కాదు, మృగశిరలో.

కాబట్టి అనాదిగా వస్తున్నవని చెప్పుకునే కార్తె సామెతలు, ఇప్పుడున్న రూపంలో, అంత పాతవి కాలేవు. రుతుపవనాల రాక ఏటా వారం పది రోజులు అటూ ఇటూ అవుతుంది గనుక సామెతకు కొన్ని వందల ఏళ్ల వెసులుబాటు ఉంటుంది, అంతకు మించి ఉండదు. కార్తె జరిగేకొద్దీ ఎవరో పెద్దమనిషి, ఏ పండితుడి అనుమతీ అడక్కుండా, ఒక పేరు తీసి ఇంకో పేరు పెట్టి సామెతను తిరగరాసి ఉంటాడు. పంచాంగం చేయని సవరణ గట్టు మీద జరిగిపోయింది.

కొల్లేటికి వచ్చే వలస పక్షులది మరీ వేరే దారి. చలికాలం ముందు ఉత్తరాది దేశాల నుంచి సూదితోక బాతులు, ఇంకా రకరకాల బాతులు దిగుతాయి. ఆటపాక చెట్ల మీదా, కట్టిన మంచెల మీదా గూడబాతులు గుడ్లు పెట్టేదీ ఆ నెలల్లోనే. పక్షుల ఒంట్లో వలస కోరికను రేపేది ప్రధానంగా పగటి పొడవు, అంటే రుతువుల ఏడాది. అక్కడ కార్తెల్లాంటి జారుడు లేదు. కానీ రాత్రిళ్లు ఎగిరేటప్పుడు కొన్ని జాతులు దిక్కు తెలుసుకునేది నక్షత్రాలను బట్టి. అమెరికాలో స్టీఫెన్ ఎమ్లెన్ అనే శాస్త్రవేత్త 1970లో ప్రచురించిన ప్రయోగం దీనికి చక్కటి రుజువు. నీలి బంటింగ్ పిట్టల పిల్లలను ఆయన ప్లానెటేరియంలో, కృత్రిమ ఆకాశం కింద పెంచాడు. ఆ ఆకాశాన్ని ధ్రువ నక్షత్రం చుట్టూ కాకుండా వేరే ఒక నక్షత్రం చుట్టూ తిప్పాడు. శరత్కాలం రాగానే ఆ పిల్లలు ఆ నక్షత్రమే ఉత్తరమనుకుని దానికి వీపు తిప్పి ఎగరబోయాయి. ఏ నక్షత్రం ఉత్తరమో అవి పుట్టుకతో తెచ్చుకోలేదు, ఆకాశం దేని చుట్టూ తిరుగుతోందో చూసి నేర్చుకున్నాయి. భూమి తల ఊపుతూ ధ్రువం చోటు మారిపోయినా ప్రతి తరం పక్షీ కొత్తగా చూసుకుని సరిపెట్టుకుంటుందన్నమాట. ఎమ్లెన్ ఆ ప్రయోగానికి ఇరుసుగా ఎంచుకున్న నక్షత్రం మన ఆరుద్రే.

మనుషుల్లో ఈ సరిపెట్టే పని ఒకసారి ప్రభుత్వమే తలకెత్తుకుంది. 1952లో మేఘనాథ్ సాహా అధ్యక్షతన క్యాలెండర్ సంస్కరణ సంఘం ఏర్పడింది. దేశంలోని పంచాంగాలను సేకరించి పోల్చి, మన పండుగలు రుతువుల నుంచి 23 రోజులు తప్పిపోయాయని ఆ సంఘం మొహమాటం లేకుండా చెప్పింది. రుతువులనే పట్టుకుని, మార్చి 22న చైత్రం మొదలయ్యేలా జాతీయ క్యాలెండరును కట్టింది. 1957 మార్చి 22 నుంచి అది అమల్లో ఉంది. ఆకాశవాణి ప్రకటనల్లో వినిపిస్తుంది, గెజెట్ల మీదా, గోడ క్యాలెండర్లలో ఒక మూల చిన్న అంకెల్లోనూ కనిపిస్తుంది. పండుగలకూ కార్తెలకూ మాత్రం సంఘం రాజీపడింది. చిత్త నక్షత్రాన్ని కొండగుర్తుగా తీసుకుని నక్షత్రాల లెక్కనే స్థిరపరచింది. రెండు పడవల మీద కాళ్లు పెట్టినట్టు అనిపించినా, ఆ రాజీ లేకపోతే నివేదిక బీరువా దాటేది కాదేమో. దృక్ పంచాంగాల్లో చాలా వాటికి ఇప్పటికీ ఆధారం ఆ చిత్త లెక్కే. సూర్యసిద్ధాంతాన్ని యథాతథంగా పట్టుకున్న పంచాంగాల్లో ఏడాది మరో మూడున్నర నిమిషాలు పెద్దది, అందుకే వాటిలో జారుడు ఇంకాస్త వేగం, అరవై ఏళ్లకే ఒక రోజు. ఒకే ఊళ్లో రెండు గుళ్లు ఒక పండుగను వేర్వేరు రోజుల్లో చేసుకునే గొడవల్లో కొన్నిటికి మూలం ఈ నిమిషాలే.

దగ్గర్లో ఉన్న మార్పు ఒకటి చెప్పుకోవాలి. 2100 ఇంగ్లీషు లెక్కలో లీపు సంవత్సరం కాదు, ఆ ఏడాది ఫిబ్రవరి 29 ఉండదు. ఆకాశం ఆ కోతను పట్టించుకోదు కాబట్టి అక్కడి నుంచి ప్రతి కార్తె తేదీ ఒక్కసారిగా ఒక రోజు జరుగుతుంది. సంక్రాంతి జనవరి 15, 16 తేదీలకు వెళుతుంది, చేపల బేరం జూన్ 9కి పడుతుంది. నీళ్ల సీసా నీడ మాయమయ్యే రోజు మాత్రం మే 7 ప్రాంతంలోనే ఉంటుంది.